మీకు తెలుసా? ప్రవరుని పాదలేపము

పాదములకుఁ బూసికొన్నంతనే మనుష్యుని అనతికాలములో హిమవత్పర్వతమునకుఁ జేర్పఁగల పసరొకటి మన సాహిత్యములోఁ గలదని మీకు తెలుసా? 16వ శతాబ్దమున అల్లసాని పెద్దన రచించిన మనుచరిత్రములో, అరుణాస్పదపురవాసియైన ప్రవరుని యింటికి అతిథిగా వచ్చిన సిద్ధుఁడు, తన తీర్థాటన రహస్యమైన యా దివ్యౌషధమును గృహస్థుని పాదములకుఁ బూసి తన దారిని దాను పోవును. ప్రవరుఁడు హిమగిరి శోభలను కన్నులారఁ జూచి, మధ్యాహ్నానుష్ఠానమునకై యిల్లు చేరవలెనని మరలునప్పటికి, మంచు సోఁకి పసరు కరఁగిపోయినందున దిక్కుతోఁచక తిరిగి తిరిగి, తుదకు వరూధిని యను నచ్చరను దారి యడుగును. మార్కండేయ పురాణమునుండి వచ్చిన యీ కథను పెద్దనకుఁ బూర్వమే మారన తెలుఁగు చేసెను. ఎంతటి మహిమ గల మందునకైనను మంచునీటికిఁ గరఁగెడి లౌకిక ధర్మమును విధించుటలోనే యీ కల్పన యొక్క శక్తి యంతయు నున్నదని నా నిశ్చయము. ఆ లేపము నిలిచి యుండినచో కావ్యమే లేదు, దాని తుదిఁ బుట్టు స్వారోచిష మనువును లేఁడు. ఈ కావ్యమును అంకితము గొన్న శ్రీకృష్ణదేవరాయలే కళింగ దండయాత్రలో మన రాజమహేంద్రవరమును గజపతులనుండి గెలిచినవాఁడు. ఈ నగరమందలి గౌతమీ గ్రంథాలయమునకు వెళ్లు పాఠకులారా, మనుచరిత్రములోని మొదటి రెండాశ్వాసములనైనను తప్పక చదువుఁడు.