మెక్సికో: సీతాకోకచిలుకల అడవి, వెండి గనుల ఊరు.. ఈ ఒక్క రోజు యాత్ర డబ్బు ఎవరికి చేరుతోంది?

మెక్సికో సిటీలో కానీ, మోరేలియాలో కానీ శీతాకాలంలో ఏ టూర్ ఏజెన్సీని అడిగినా ఒక ప్యాకేజీ గురించి చెబుతారు. తెల్లవారకముందే వ్యాన్ బయల్దేరుతుంది. మధ్యాహ్నానికి కొండ మీది అడవిలో లక్షలాది సీతాకోకచిలుకలను చూపిస్తారు. అక్కడి నుంచి స్పానిష్ వలస పాలన నాటి ఒక పాత ఊరికి తీసుకెళ్తారు. రాత్రికి తిరిగి హోటల్ దగ్గర దింపేస్తారు.

చూడటానికి ఇది మామూలు విహారయాత్రే. కానీ అరగ్రాము బరువున్న పురుగు నాలుగు వేల కిలోమీటర్ల ప్రయాణం, భూమి మీద గ్రామస్థుల హక్కు, కలప దొంగతనం, గనుల చరిత్ర అన్నీ ఈ ఒక్క రోజు దారిలోనే కలుస్తాయి. ఈ యాత్రలో ఏం చూస్తారు? ఆ అడవి ఎందుకు ప్రమాదంలో ఉంది? టికెట్ డబ్బుకు ఆ అడవితో సంబంధం ఏమిటి?

ఏమిటీ మోనార్క్?

నారింజ రంగు రెక్కలు, వాటి మీద నల్లటి గీతలు, అంచుల్లో తెల్లటి చుక్కలు. శాస్త్రీయ నామం డానాస్ ప్లెక్సిపస్. అందరూ పిలిచే పేరు మోనార్క్.

దీని చుట్టాలు మన ఊళ్లలోనూ ఉన్నాయి. జిల్లేడు చెట్ల చుట్టూ తిరిగే నారింజ రంగు సీతాకోకచిలుక ‘ప్లెయిన్ టైగర్’ కూడా డానాస్ ప్రజాతికి చెందినదే. జిల్లేడు ఆకు తుంచితే పాలు కారతాయి. ఆ పాలలో విషం ఉంటుంది. గొంగళి పురుగు ఆ ఆకులనే తిని, విషాన్ని ఒంట్లో దాచుకుంటుంది. అందుకే చాలా పక్షులు దాని జోలికి పోవు. ఉత్తర అమెరికాలో జిల్లేడు పాత్రను దాని బంధువైన ‘మిల్క్‌వీడ్’ మొక్కలు పోషిస్తాయి. మోనార్క్ గొంగళి పురుగులు ఈ మొక్కలు తప్ప వేరేవి తినవు. దాని బలం, బలహీనత రెండూ అదే.

వేసవిలో పుట్టే మోనార్క్‌లు రెండు నుంచి ఆరు వారాలు బతుకుతాయి. అలా మూడు నాలుగు తరాలు గడుస్తాయి. వేసవి చివర్లో కెనడా దక్షిణ ప్రాంతంలో, అమెరికా ఉత్తర రాష్ట్రాల్లో పుట్టే తరం మాత్రం వేరు. అది వెంటనే జత కట్టదు, ఎనిమిది నెలల దాకా బతుకుతుంది. దక్షిణం వైపు బయల్దేరి, నవంబరు మొదట్లో మధ్య మెక్సికో కొండలకు చేరుతుంది.

గమనించాల్సిన విషయం ఏమిటంటే, ఆ గుంపులో ఒక్కదానికి కూడా ఆ దారి తెలియదు. వెనుకటి శీతాకాలం అక్కడ గడిపినవి వీటికి ముత్తాతలు. సూర్యుడి స్థానాన్ని బట్టి ఇవి దిశ తెలుసుకుంటాయని, పొద్దు గడిచేకొద్దీ సూర్యుడు జరగడాన్ని సరిచేసుకునే ‘గడియారం’ వీటి యాంటెన్నాల్లో ఉందని 2009లో వెలువడిన పరిశోధన చూపింది. మబ్బు పట్టినప్పుడు భూ అయస్కాంత క్షేత్రం కూడా సాయపడుతుందని 2014లో మరో అధ్యయనం చెప్పింది. అన్ని కొండలుండగా సరిగ్గా ఈ కొండలకే ఎలా చేరుకుంటాయన్నది ఇంకా పూర్తిగా విడని ముడే.

‘కనుగొన్నది’ ఎవరు?

కెనడా శాస్త్రవేత్త ఫ్రెడ్ అర్కార్ట్, ఆయన భార్య నోరా దశాబ్దాల పాటు వేలాది మంది వలంటీర్ల సాయంతో మోనార్క్ రెక్కలకు చిన్న కాగితపు చీటీలు అంటించారు. అవి శీతాకాలంలో ఎక్కడికి పోతున్నాయో తెలుసుకోవాలన్నది వారి ప్రయత్నం. వారి తరఫున వెతికిన కెన్ బ్రగర్, మిచోఅకాన్‌కు చెందిన కాతలీనా అగ్వాదో 1975 జనవరిలో సెర్రో పెలోన్ కొండపై ఆ చోటును చూశారు. 1976 ఆగస్టులో నేషనల్ జియోగ్రాఫిక్ పత్రిక ముఖచిత్ర కథనంతో ఆ సంగతి ప్రపంచానికి తెలిసింది.

కానీ ఆ కొండల్లో ఉండే మసావా, పురెపెచా ప్రజలకు ఇది కొత్త సంగతి కాదు. మోనార్క్‌లు ఏటా వచ్చే వేళకే అక్కడ మృతుల పండుగ జరుగుతుంది. నవంబరు 1, 2 తేదీల్లో చనిపోయిన పెద్దలు ఇంటికి వస్తారని నమ్మకం. ఆ ఆత్మలే ఈ రూపంలో వస్తాయని చెప్పుకునేవారు ఇప్పటికీ ఉన్నారు. గ్రామస్థులకు తెలియనిదల్లా, అవి ఎంత దూరం నుంచి వస్తున్నాయన్నదే.

యాత్ర ఎలా సాగుతుంది?

ఎక్కువ మంది వెళ్లేది మిచోఅకాన్ రాష్ట్రంలోని ఎల్ రొసారియో అభయారణ్యానికి. సందర్శకులను నవంబరు మూడో వారం ప్రాంతం నుంచి మార్చి చివరి దాకా అనుమతిస్తారు. జనవరి చివరి నుంచి మార్చి మొదటి వారం వరకు మంచి సమయం. అప్పటికి ఎండ కాస్త పెరిగి, సీతాకోకచిలుకలు ఎక్కువగా ఎగురుతాయి.

వాహనం ఆగిన చోటి నుంచి వందల మెట్లు, ఆపై కాలిబాట. గుర్రాలు అద్దెకు దొరుకుతాయి. చోటు సముద్ర మట్టానికి మూడు వేల మీటర్లకు పైన ఉంటుంది కాబట్టి ఆరోగ్యవంతులకు కూడా ఆయాసం వస్తుంది. మెల్లగా నడవడమే మందు. దారి పొడవునా నీలం మొక్కజొన్న పిండితో రొట్టెలు కాల్చి అమ్మే ఆడవాళ్ల కొట్లు ఉంటాయి.

లోపలికి గ్రామ గైడ్ లేకుండా పంపరు. గుంపు దగ్గర మాట్లాడకూడదు, ఫ్లాష్ వాడకూడదు, తాళ్లు దాటకూడదు. నేల మీద పడి ఉన్నవి చచ్చినవి అనుకుని తొక్కకూడదు. చలికి బిగుసుకుపోయినవి ఎండ తగలగానే మళ్లీ లేస్తాయి. చూసేందుకు ఇచ్చే సమయం కూడా పరిమితమే.

పొద్దున చలిలో చూస్తే చెట్ల నిండా ఎండుటాకుల గుత్తులు వేలాడుతున్నట్టు ఉంటుంది. బరువుకు కొమ్మలు వంగిపోతాయి. మబ్బు తొలగి ఎండ పడ్డ క్షణాన ఆ ‘ఎండుటాకులు’ రెక్కలు విప్పుతాయి. వేల రెక్కల చప్పుడు సన్నటి జల్లులా చెవిన పడుతుంది. మౌనంగా ఉండమనేది అందుకే కూడా. ఈ కారణంగానే మంచి ఏజెన్సీలు అడవిని మధ్యాహ్నానికి, ఊరిని సాయంత్రానికి పెట్టుకుంటాయి. మబ్బు పట్టిన రోజున మాత్రం గుత్తులు చూసి తిరిగి రావాల్సిందే.

ఈ చెట్లే ఎందుకు?

ఆ చెట్టు పేరు ఒయామెల్. ఫిర్ జాతి వృక్షం. సుమారు 2,400 నుంచి 3,600 మీటర్ల ఎత్తులోనే పెరుగుతుంది. దట్టంగా అల్లుకున్న ఈ అడవి రాత్రి చలిని అడ్డే దుప్పటిలా, వానను ఆపే గొడుగులా పనిచేస్తుందని శాస్త్రవేత్తలు చెబుతారు. ఒళ్లు తడిసిన సీతాకోకచిలుక గడ్డకట్టే చలిని తట్టుకోలేదు. చెట్లు నరికి ఖాళీలు చేస్తే గొడుగుకు చిల్లులు పడ్డట్టే.

2002 జనవరిలో అదే జరిగింది. వాన, వెంటనే తీవ్రమైన చలి వచ్చి రెండు పెద్ద గుంపుల్లో దాదాపు నాలుగింట మూడు వంతులు రాలిపోయాయి.

మోనార్క్‌లను ఒక్కొక్కటిగా లెక్కపెట్టలేరు. అవి ఆక్రమించిన అడవి విస్తీర్ణాన్ని ఏటా కొలుస్తారు. 1996-97లో అది 18.19 హెక్టార్లు, అంటే దాదాపు 45 ఎకరాలు. 2013-14లో 0.67 హెక్టార్లకు పడిపోయింది. ఎకరంన్నరకు కొంచెం ఎక్కువ. ఒక ఖండపు తూర్పు సగం నుంచి వచ్చిన మోనార్క్‌లన్నీ అంత చోటులో సరిపోయాయన్నమాట. 2023-24లో 0.90 హెక్టార్లు, 2024-25లో 1.79 హెక్టార్లు. రెట్టింపు అయిందన్నది నిజమే. కానీ వలస నిలకడగా సాగాలంటే కనీసం 6 హెక్టార్లు కావాలన్నది నిపుణుల లెక్క.

తగ్గడానికి కారణం మెక్సికో ఒక్కటే కాదు. అమెరికా మధ్య రాష్ట్రాల్లో కలుపు మందును తట్టుకునే మొక్కజొన్న, సోయా రకాలు వచ్చాక, గ్లైఫోసేట్ పిచికారీతో పొలాల్లోని మిల్క్‌వీడ్ తుడిచిపెట్టుకుపోయింది. దానికి వాతావరణ మార్పులు తోడయ్యాయి. 2024 డిసెంబరులో అమెరికా వన్యప్రాణి విభాగం మోనార్క్‌ను ముప్పున్న జాతిగా చేర్చాలని ప్రతిపాదించింది.

అడవి ఎవరిది?

ఇక్కడే ఈ యాత్ర అసలు కథ ఉంది. మన దగ్గర రిజర్వు అడవి అంటే అటవీ శాఖది. వన సంరక్షణ సమితులు ఏర్పడినా, 2006 అటవీ హక్కుల చట్టం వచ్చినా ఆ పెత్తనం పెద్దగా సడలలేదు. మెక్సికోలో అలా కాదు. విప్లవం తర్వాత 1917 రాజ్యాంగం కింద భూములను ఊళ్లకు ఉమ్మడిగా ఇచ్చారు. ఆ ఉమ్మడి భూమిని ‘ఎహీదో’ అంటారు. దేశంలోని అడవుల్లో సగానికి పైగా ఇలాంటి ఊళ్ల చేతుల్లోనే ఉంది. ఎల్ రొసారియో కూడా ఒక ఎహీదోయే.

1986లో ప్రభుత్వం 16,110 హెక్టార్లను రక్షిత ప్రాంతంగా ప్రకటించింది. భూమి ఊరివాళ్లదే, కానీ కీలక ప్రాంతంలో చెట్టు కొట్టే హక్కు పోయింది. పరిహారం దక్కలేదు. కలపే బతుకుతెరువైన ఊళ్లలో కోపం రగిలింది, దొంగచాటు నరికివేత సాగింది. 2000లో రక్షిత ప్రాంతాన్ని 56,259 హెక్టార్లకు పెంచినప్పుడు పాఠం నేర్చుకున్నారు. చెట్లు కొట్టకుండా కాపాడిన ఊళ్లకు ఏటా డబ్బు చెల్లించే నిధిని ఏర్పాటు చేశారు. 2008లో యునెస్కో ఈ అడవిని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది.

ఆ చెల్లింపులతో పాటు ఊళ్లకు దక్కే రెండో ఆదాయం పర్యాటకులే. ప్రవేశ రుసుము, గైడ్ పని, గుర్రాలు, తిండి కొట్లు. కానీ ఆ సంపాదన నాలుగు నెలలే. సందర్శకులు రాని ఊళ్లకు అదీ లేదు. మిగిలిన ఎనిమిది నెలలు కలప, అవకాడో తోటల లాభం ఊరిస్తూనే ఉంటాయి. ప్రపంచ అవకాడో మార్కెట్‌కు మిచోఅకాన్ పెద్ద కేంద్రం.

ఆ ఒత్తిడి ఎంత దూరం పోతుందో 2020 జనవరిలో లోకం చూసింది. ఒకప్పుడు తానూ చెట్లు కొట్టి, తర్వాత ఎల్ రొసారియో రక్షకుడిగా మారిన ఒమెరో గోమెస్ గొన్సాలెస్ జనవరి 13న కనిపించకుండా పోయారు. 29న ఒక బావిలో ఆయన మృతదేహం దొరికింది. కొద్ది రోజులకే అదే ప్రాంతంలో గైడ్‌గా పనిచేసిన రౌల్ ఎర్నాందెస్ రొమెరో శవమై కనిపించారు. కలప ముఠాల వైపు వేళ్లు చూపినవారు చాలామంది. టికెట్ తీసుకుని మెట్లెక్కే పర్యాటకుడికి ఈ కథ ఎక్కువగా వినిపించదు.

సాయంత్రం ఊరు: త్లాల్‌పుహావా

చాలా ప్యాకేజీల్లో సాయంత్రపు మజిలీ త్లాల్‌పుహావా. ఎర్ర పెంకుల ఇళ్లు, రాళ్లు పరిచిన ఏటవాలు వీధులు, గులాబీ రంగు రాతితో కట్టిన 18వ శతాబ్దపు చర్చి. ప్రభుత్వం ‘మాంత్రిక పట్టణాల’ జాబితాలో చేర్చిన ఊరు ఇది.

ఈ అందానికి పెట్టుబడి కొండల కిందిదే. 16వ శతాబ్దంలో స్పెయిన్ వాళ్లు ఇక్కడ వెండి, బంగారం తవ్వకం మొదలుపెట్టారు. స్పెయిన్‌పై పోరాడిన స్వాతంత్ర్య నేత ఇగ్నాసియో లోపెస్ రయోన్ పుట్టింది కూడా ఈ ఊళ్లోనే. స్వాతంత్ర్యం వచ్చాకా గనుల లాభం బయటికే పోయింది. ఇక్కడి దోస్ ఎస్త్రెయాస్ గని యజమాని ఫ్రాంస్వా జోసెఫ్ ఫూర్నియే ఆ సంపదతో 1912లో ఫ్రాన్స్ తీరంలో పోర్కెరోల్ అనే దీవినే కొనేశాడు.

ఊరికి మిగిలింది వేరు. 1937 మే 27న, వానలకు నానిన గని వ్యర్థాల గుట్ట జారి ఊరి మీద పడింది. ఎందరో బురద కింద పూడుకుపోయారు. అప్పటి కార్మెన్ చర్చి గోపురం ఇప్పటికీ ఆ గుర్తుగా నిలబడి ఉంది. గనులు మూతపడ్డాక, 1960ల నుంచి ఊరు గాజు బుడగలు ఊది క్రిస్మస్ చెట్టు అలంకరణలు చేయడం నేర్చుకుంది. ఇప్పుడు అదే ప్రధాన జీవనాధారాల్లో ఒకటి. దోస్ ఎస్త్రెయాస్ గని మ్యూజియంగా మారింది.

కొండ లోపలిది తవ్వుకుపోతే ఏం మిగులుతుందో ఈ ఊరు చూసింది. కొండ పైనున్న చెట్టును నిలబెట్టి బతకొచ్చా అన్న ప్రశ్న ఇప్పుడు పొరుగు కొండల ఎహీదోల ముందుంది.

వెళ్లాలనుకునే తెలుగువారికి

మోనార్క్‌ల వలస దారి టెక్సాస్ మీదుగా పోతుంది. డాలస్, ఆస్టిన్ ప్రాంతాల్లో ఉండే తెలుగువారు అక్టోబరులో తమ పెరట్లోనే వీటిని చూడవచ్చు. తిరిగి వెళ్లేటప్పుడు, మార్చిలో, ఇవి గుడ్లు పెట్టేది కూడా ఎక్కువగా ఆ ప్రాంతంలోనే. అక్కడ మిల్క్‌వీడ్ నాటాలనుకుంటే స్థానిక రకాలనే ఎంచుకోవాలి. నర్సరీల్లో విరివిగా దొరికే ఉష్ణమండల రకం వెచ్చటి చోట్ల శీతాకాలంలోనూ ఎండిపోదు. దాని ఆకుల మీద మోనార్క్‌కు హాని చేసే పరాన్నజీవి పేరుకుంటుంది.

మెక్సికో ప్రయాణం పెట్టుకునేవారు ముందుగా భద్రతా సూచనలు చూసుకోవాలి. మిచోఅకాన్‌పై అమెరికా విదేశాంగ శాఖ చాలా ఏళ్లుగా హెచ్చరికలు ఇస్తోంది. అటు వెళ్లడం ఇష్టం లేనివారికి మెక్సికో రాష్ట్రంలోని పియెద్రా ఎరాదా అభయారణ్యం, దాని దగ్గరి వాయే దె బ్రావో పట్టణం మరో దారి. అది కూడా ఒక్క రోజులో చూసి రావచ్చు.

బుక్ చేసే ముందు ఏజెన్సీని మూడు విషయాలు అడగండి. ప్రవేశ రుసుము, స్థానిక గైడ్ ఖర్చు ప్యాకేజీలో ఉన్నాయా? భోజనం ఎహీదో కొట్లలోనా, దారిలోని పెద్ద రెస్టారెంట్‌లోనా? అడవిలో ఎంతసేపు, వ్యాన్‌లో ఎంతసేపు? మీరు కట్టే సొమ్ములో అడవిని కాపలా కాసే ఊరికి ఎంత చేరుతుందో ఆ జవాబులను బట్టి అంచనా వేయొచ్చు.

మన తూర్పు కనుమలకు, పశ్చిమ కనుమలకు మధ్య కూడా ఏటా సీతాకోకచిలుకలు వలస పోతాయి. వాటిలో ముఖ్యమైనది ‘డార్క్ బ్లూ టైగర్’. దాని ప్రజాతి పేరు తిరుమల. ఇదీ మోనార్క్‌కు చుట్టమే. నైరుతి వానలకు ముందు పడమటి నుంచి తూర్పుకు, అవి తగ్గాక అక్టోబరు, నవంబరుల్లో తిరిగి పడమటికి వెళ్తాయి. వాటి దారి గురించి మనకు తెలిసింది మోనార్క్‌తో పోలిస్తే చాలా తక్కువ. ఆ దారిలోని ఊళ్లకు ప్రవేశ రుసుమూ లేదు, పరిహార నిధీ లేదు.