ఓవెన్ లేదా? కుక్కరుందిగా!

జూన్ నెల వచ్చిందంటే బ్రాడీపేట లైన్లలో పెద్ద పెద్ద సూట్‌కేసులు దిగుతాయి. డల్లాస్ నుంచో, న్యూజెర్సీ నుంచో పిల్లల్ని తీసుకుని కూతురు పుట్టింటికి వస్తుంది. అక్కడ బడులకు సెలవులిచ్చేది అప్పుడే మరి. ఇక్కడేమో మామిడిపళ్ళు వెళ్ళిపోయే రోజులు. మనవల కోసమని అమ్మమ్మ ఆఖరి కాపు బంగినపల్లి కాయలు గడ్డిలో మాగవేసి ఉంచుతుంది. తీరా వాడు ఒక ముక్క నోట్లో వేసుకుని, "అమ్మమ్మా, దీంతో కాబ్లర్ చేస్తావా?" అంటాడు. ఆవిడ తెల్లబోతుంది. ఇంగ్లీషులో కాబ్లరంటే చెప్పులు కుట్టే ఆయన కదా, పండుతో ఆయనకేం పనని!

కంగారు పడాల్సిందేమీ లేదు. కాబ్లరంటే అడుగున పళ్ళ ముక్కలు, పైన మెత్తటి పిండి పొర ఉండే అమెరికా వాళ్ళ ఇంటి వంట. కేకులా క్రీములు పుయ్యక్కర్లేదు, ముగ్గులు వెయ్యక్కర్లేదు. ఎంత ఎగుడుదిగుడుగా ఉంటే అంత బావుందంటారు. అక్కడ ఎక్కువగా పీచ్ పళ్ళతో చేస్తారు. ఆ పళ్ళు మన దేశంలో హిమాచల్, ఉత్తరాఖండ్ కొండల్లో పండుతాయి గానీ గుంటూరు ఎండల్లో కాదు. కానీ రసం ఊరే పండు ఏదైనా దీనికి పనికొస్తుంది. ఆ లెక్కన మామిడిని మించింది ఏముంది?

ఇదేదో పిల్లల చిరుతిండి వ్యవహారమని కొట్టిపారెయ్యకండి. ఏడాదికో రెండేళ్ళకో వచ్చే మనవడికీ, అమ్మమ్మకీ మధ్య మాట సాగాలంటే ఏదో ఒకటి ఉండాలి. వాడి తెలుగు అంతంత మాత్రం, ఈవిడ ఇంగ్లీషూ అంతే. ఫోన్లో వారానికోసారి "తిన్నావా నాన్నా?" అంటే "తిన్నా" అనడంతో సరిపోతుంది. అదే ఒక గిన్నె ముందు పెట్టుకుని ఇద్దరూ పిండి కలుపుతుంటే నోరు దానంతటదే విచ్చుకుంటుంది.

కూతురికో కోడలికో పురుడు పొయ్యడానికి ఆరు నెలలు అమెరికా వెళ్ళొచ్చిన అమ్మల సంగతీ ఇంతే. అక్కడ వంటింట్లో పెద్ద ఓవెన్, దాని నిండా మీటలు. ఏది నొక్కితే ఏమవుతుందోనని ముట్టుకోవడానికే భయం. సొంత కూతురి ఇంట్లోనే చుట్టానికి మల్లే కూర్చోవలసి వస్తుంది. ఇక్కడ మన పొయ్యి మీద ఒకసారి చేసి చూసిన వాళ్ళకి అక్కడ ఆ జంకు ఉండదు.

ఆ మాటకొస్తే గుంటూరుకు అమెరికా కొత్త కాదు. పెన్సిల్వేనియా లూథరన్ సంఘం తరఫున రెవరెండ్ హయ్యర్ ఈ ఊళ్ళో అడుగుపెట్టింది 1842లో. డాక్టర్ అన్నా కుగ్లర్ 1883లో వచ్చి, 1898 నాటికి ఆడవాళ్ళకీ పిల్లలకీ ఆస్పత్రి కట్టించారు. కుగ్లర్ ఆస్పత్రిలో పుట్టామని చెప్పుకునే కుటుంబాలు మన చుట్టూ ఎన్నో. అప్పుడు అక్కణ్ణుంచి ఇక్కడికి, ఇప్పుడు ఇక్కణ్ణుంచి అక్కడికి, అంతే తేడా.

కాబ్లర్‌కీ మనకీ ఇంకో చుట్టరికం ఉంది. పందొమ్మిదో శతాబ్దంలో బళ్ళు కట్టుకుని పడమటి దిక్కుకు వలస వెళ్ళిన అమెరికన్లకు దారిలో ఓవెన్లెక్కడివి? బరువైన ఇనప గిన్నెలో పళ్ళు వేసి, పైన పిండి పరిచి, కింద నిప్పులు పెట్టి, మూత మీద కూడా నిప్పులు పేర్చేవారు. 1859 నాటి అమెరికన్ మాటల నిఘంటువులోకే కాబ్లర్ ఎక్కింది. చదువుతుంటే మన దిబ్బరొట్టి గుర్తు రావడం లేదూ? ఇత్తడి గిన్నెలో మినప్పిండి పోసి, మూత మీద కణకణలాడే బొగ్గులు పెట్టి కాల్చిన అమ్మమ్మలకి ఓవెన్ సూత్రం ఎవరూ కొత్తగా నేర్పక్కర్లేదు.

ఇక డబ్బాల్లో రెడీగా ఉండే సరుకుతో పని తేలిక చేసుకోవడం. అది కూడా వాళ్ళ దగ్గర పాత అలవాటే. 1930లో జనరల్ మిల్స్ కంపెనీ ఉద్యోగి ఒకాయన రైల్లో వెళుతూ, వేళ మించిపోయాక కూడా వంటవాడు క్షణాల్లో వేడి వేడి బిస్కెట్లు చేసివ్వడం చూశాడట. ఎలాగని అడిగితే పిండి, కొవ్వు, బేకింగ్ పౌడర్, ఉప్పు ముందే కలిపి ఉంచుకున్నానన్నాడు. దాన్ని చూసే మరుసటి ఏడు 'బిస్క్విక్' అనే పొడి బజారులోకి వచ్చింది. మన దగ్గర పుణె గిట్స్ వాళ్ళు 1963 నుంచి చేస్తున్నదీ అలాంటి పనే. ఉన్నట్టుండి చుట్టాలొస్తే జామూన్ మిక్స్ పాకెట్ కత్తిరించని ఇల్లాలు ఉందా?

కాబట్టి ఈ వంట కోసం బజారుకు పరిగెత్తనక్కర్లేదు. ఇంట్లో మైదా, పంచదార, నెయ్యి, పాలు, నాలుగు యాలకులు ఉంటే చాలు. బేకింగ్ పౌడర్ డబ్బా మాత్రం ఎప్పటిదో చూసుకోండి. చెంచాడు పొడి వేడినీళ్ళలో వేస్తే బుసబుసా పొంగాలి. పొంగకపోతే అది ఇక సున్నం కిందే లెక్క.

కావలసినవి: కండ గట్టిగా ఉన్న బంగినపల్లి పళ్ళు పెద్దవి రెండు (ముక్కలు రెండు కప్పులు రావాలి), మైదా ఒక కప్పు, పంచదార అర కప్పు, పాలు ముప్పావు కప్పు, నెయ్యి లేదా వెన్న నాలుగు పెద్ద చెంచాలు, బేకింగ్ పౌడర్ ఒకటిన్నర చిన్న చెంచా, ఉప్పు చిటికెడు, యాలకుల పొడి, అర చెక్క నిమ్మరసం.

మామిడి ముక్కల్లో నిమ్మరసం, రెండు చెంచాల పంచదార కలిపి పక్కన పెట్టండి. మైదా, బేకింగ్ పౌడర్, ఉప్పు కలిపి జల్లించి, మిగిలిన పంచదార, యాలకుల పొడి వేసి, పాలు పోస్తూ కలపండి. గరిటెజారుగా, దోసెల పిండికన్నా కొంచెం చిక్కగా ఉండాలి. చిన్న చిన్న ఉండలున్నా ఫరవాలేదు, ఎక్కువసేపు గిలక్కొడితే సాగుతుంది. ఇప్పుడు కుక్కర్లో పట్టే అల్యూమినియం గిన్నెలో నెయ్యి కరిగించి, దాని మీద పిండి పొయ్యండి. పిండి మీద పళ్ళ ముక్కలు సర్దండి. ఇక్కడే అసలు కిటుకు! కలపకూడదు. చెయ్యి దురదపెట్టినా సరే, గరిటె అవతల పెట్టెయ్యండి. వేడికి పిండి తనంతట తనే ముక్కల మధ్యలోంచి పైకి పొంగి వాటిని కప్పేస్తుంది. పిల్లలకి ఇది చూపించండి, మళ్ళీ మళ్ళీ చెయ్యమంటారు.

కుక్కర్‌కి గాస్కెట్, వెయిట్ రెండూ తీసెయ్యాలి. నీళ్ళు పొయ్యకూడదు. అడుగున అంగుళం మందాన ఉప్పు పరిచి, దాని మీద స్టాండు పెట్టి, మూత పెట్టి మధ్యరకం మంట మీద పది నిమిషాలు వేడెక్కనివ్వండి. తర్వాత గిన్నె జాగ్రత్తగా దించి మంట తగ్గించండి. నలభై నుంచి యాభై నిమిషాలు పడుతుంది. పుల్ల గుచ్చితే పిండి అంటుకోకూడదు. పండు రసం అంటుకుంటే మాత్రం అది ఉడకలేదని కాదు. దీనికి కొత్త కుక్కరు వాడకండి, పాతబడిందని అటక మీద పడేసింది తియ్యండి. ఆ ఉప్పు కూరలకి పనికిరాదు గానీ, డబ్బాలో పోసుకుంటే మరో పదిసార్లు ఇదే పనికొస్తుంది. మూత తీసేటప్పుడు పిల్లల్ని దూరంగా ఉంచండి. ఉప్పు వేడి తొందరగా చల్లారదు. ఓవెన్ ఉన్నవాళ్ళు 175 డిగ్రీల దగ్గర ముప్పావు గంట ఉంచితే సరి.

కుక్కర్లో ఒక లోటు ఉంది. వేడంతా కిందనుంచే కాబట్టి పైభాగం ఎర్రబడదు, పాలిపోయినట్టుంటుంది. మూత మీద నిప్పులు పెట్టే రోజులు పోయాయిగా! అందుకని నాలుగు రస్కులు కచ్చాపచ్చాగా దంచి, చెంచా నేతిలో ఎర్రగా వేయించి, చెంచా పంచదార కలిపి దించాక పైన చల్లండి. కరకరలాడే ఆ పొర ఓవెన్‌కి తీసిపోదు. రస్కులు లేకపోతే జీడిపప్పు, అదీ లేకపోతే నాలుగు గ్లూకోజ్ బిస్కెట్లు. జామూన్ మిక్స్ ఉంటే కలపడం కూడా ఉండదు. కప్పు మిక్స్‌ని పాలతో మెత్తగా తడిపి, బిళ్ళలుగా ఒత్తి, నేతిలో మగ్గించిన పళ్ళ మీద పరిచి కాల్చుకోవచ్చు. అందులో పాలపొడి ఉంటుంది కనుక తొందరగా మాడుతుంది, మంట బాగా తగ్గించాలి.

మామిడి అయిపోయాక? చిన్న రసాలు, పెద్ద రసాలు దీనికి పనికిరావు, పీచు. అవి పిండుకు తాగడానికే పుట్టాయి. అనాసపండును ముందు పంచదారతో ఐదు నిమిషాలు ఉడికించాలి. పచ్చిదే వేస్తే అందులోని గుణం పాలను విరిచి చేదెక్కిస్తుంది. జామకాయైతే గింజలు తీసి మగ్గబెట్టాలి. నేరేడుపళ్ళకి గింజ తియ్యడం పెద్ద పనే, కానీ ఆ వంకాయ రంగు చూస్తే కష్టం మరిచిపోతాం. సపోటా బాగుంటుంది, దానికి పంచదార బదులు బెల్లం తురుము కలిసొస్తుంది. సీతాఫలంతో మాత్రం ప్రయోగాలు వద్దు. వేడి తగిలితే ఆ గుజ్జు చేదైపోతుంది. అది పాయసం దించి చల్లారాక కలిపే పండు.

బజారులో పళ్ళు కొనేటప్పుడు ఒక కంట కనిపెట్టండి. కార్బైడ్‌తో మాగబెట్టడాన్ని ఆహార భద్రతా నిబంధనలు నిషేధించాయి. అయినా పైకి పసుపుపచ్చగా నిగనిగలాడుతూ లోపల పుల్లగా ఉండే కాయలు తగులుతూనే ఉంటాయి. టిన్నులో వచ్చే అనాస, పీచ్ ముక్కలు వాడితే పాకం వార్చేసి, పంచదార సగానికి తగ్గించండి. ఉబ్బిన టిన్ను, సీలు దగ్గర కారిన టిన్ను ఎంత ఖరీదైనా సరే, పారెయ్యండి. రుచి చూద్దామని కూడా అనుకోవద్దు. తెరిచాక మిగిలినవి స్టీలు గిన్నెలోకో గాజు గిన్నెలోకో మార్చాలి.

ఇంట్లో షుగర్ ఉన్నవాళ్ళుంటే దాచకుండా లెక్క చెప్పుకోవాలి. పైన చెప్పిన కొలతకి ఎనిమిది ముక్కలొస్తాయి. ఒక్కో ముక్కలో వేసిన పంచదారే సుమారు పన్నెండు గ్రాములు, అంటే మూడు చెంచాలు. పండులో ఉన్న తీపి, మైదా దానికి అదనం. తాతయ్యకి అరముక్క పెట్టి, ఆ పూట అన్నం తగ్గించండి. లేదంటే ఆయన ఫ్రిజ్ తలుపు తీసి తనే సర్దుకుంటారని ప్రతి ఇల్లాలికీ తెలుసు. మైదా నచ్చనివాళ్ళు సగం గోధుమపిండి కలుపుకుని, పాలు రెండు చెంచాలు ఎక్కువ పొయ్యండి. కొంచెం బరువుగా వస్తుంది గానీ రుచికి లోటుండదు.

దించిన పావుగంట తర్వాత తింటే బాగుంటుంది. వెంటనే తింటే నోరు కాలుతుంది, రసం కూడా చిక్కబడదు. పిల్లలు ఐస్‌క్రీమ్ అడుగుతారు. పెద్దవాళ్ళకి చల్లటి మీగడ చాలు. మా వైపు ఒకావిడ మామిడి కాబ్లర్ మీద కారం, ఉప్పు చిటికెడు చల్లుకుంటుంది. గుంటూరు నోరు కదా! మిగిలితే ఫ్రిజ్‌లో రెండు రోజులు నిలవుంటుంది. వేసవిలో బయట మాత్రం రాత్రికి ఉంచకండి, తెల్లారేసరికి పులిసిపోతుంది. మర్నాడు పెనం మీద నెయ్యి రాసి, సన్నసెగన రెండు పక్కలా కాల్చి పెడితే అంచులు కరకరలాడతాయి. రస్కుల పొడి మాత్రం అప్పటికప్పుడు చల్లుకోవాలి, ముందే చల్లి ఫ్రిజ్‌లో పెడితే నానిపోతుంది.