ఇసుక బండి పట్టుబడితే దారేది?

మనుబోలు: నెల్లూరు, గూడూరుల మధ్య జాతీయ రహదారి మీద ఉన్న ఊరు మనుబోలు. ఉత్తరాన పెన్న, దక్షిణాన స్వర్ణముఖి. రెండూ ఇసుకకు పేరుపడ్డ ఏళ్ళే. ఈ దారిన ఇసుకతో వెళుతూ పట్టుబడిన ట్రాక్టరు స్టేషను ఆవరణకు చేరిందంటే యజమానికి కంటిమీద కునుకుండదు. ఎండకు టైర్లు పగులుతాయి, బ్యాటరీ పాడవుతుంది. అప్పు వాయిదా మాత్రం ఆగదు. పొలం దమ్ము చేయవలసిన రోజుల్లో బాడుగ ట్రాక్టరు వెతుక్కోవాలి. అలాంటప్పుడు చాలామంది పెద్దమనుషుల చేత చెప్పించడానికి తిరుగుతారు. తిరగవలసిన చోటు అది కాదు.

ఉచితమైనా హద్దులున్నాయి

2024 జులైలో రాష్ట్ర ప్రభుత్వం ఉచిత ఇసుక విధానం తెచ్చింది. అదే ఏడాది అక్టోబరులో సొంత అవసరాలకు ట్రాక్టర్లలో తీసుకువెళ్ళడానికీ వీలు కల్పించింది. ఉచితమంటే అడిగేవారు లేరని కాదు. అనుమతి లేని చోట తవ్వడం, అమ్ముకోవడం, రాష్ట్రం దాటించడం నేరమే. ఏట్లో ఇసుక నీటిని పట్టి ఉంచుతుంది. అది పోతే గట్టు మీది బావులు, బోర్లు అడుగంటుతాయి. సముద్రం దగ్గరున్న పల్లెల్లో ఉప్పునీరు పైకి వస్తుంది. చట్టం గట్టిగా ఉండటానికి కారణం ఇదే.

జప్తు ఎవరి చేతిలో?

1957 నాటి గనులు, ఖనిజాల చట్టం 21వ సెక్షను ప్రకారం అధికారం పొందిన అధికారి ఇసుకను, బండిని పట్టుకోవచ్చు. 2015 సవరణ తర్వాత ఈ నేరానికి అయిదేళ్ళ దాకా జైలు, హెక్టారుకు 5 లక్షల రూపాయల దాకా జరిమానా పడవచ్చు. అయితే పట్టుకోవడం వేరు, శాశ్వతంగా జప్తు చేయడం వేరు. ఈ చట్టం కింద జప్తు ఉత్తర్వు ఇవ్వవలసింది కోర్టే. అధికారం పొందిన అధికారి రాతపూర్వకంగా ఫిర్యాదు చేస్తేనే కోర్టు ఈ చట్టం కింద విచారణ చేపడుతుంది.

విడిపించుకోవడం ఎలా?

కేసు తేలేదాకా బండిని స్టేషనులోనే ఉంచాలన్న నియమం లేదు. స్వాధీనం చేసుకున్న వాహనాలను స్టేషన్లలో ఏళ్ళ తరబడి ఉంచి ప్రయోజనం లేదని, తగిన బాండు, పూచీకత్తు తీసుకొని మేజిస్ట్రేటు వెంటనే ఉత్తర్వులివ్వాలని సుప్రీంకోర్టు 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో చెప్పింది. 2024 జులై 1 నుంచి అమలైన భారతీయ నాగరిక సురక్షా సంహిత 497వ సెక్షను గడువులు కూడా పెట్టింది. వస్తువు కోర్టు ముందుకు వచ్చిన 14 రోజుల్లో వివరాల పట్టిక తయారుకావాలి, ఫొటో, వీడియో తీయించాలి. పట్టిక తయారైన 30 రోజుల్లో ఉత్తర్వు వెలువడాలి.

యజమాని చేయవలసిందల్లా వకీలు ద్వారా తాత్కాలిక అప్పగింతకు అర్జీ పెట్టుకోవడం. ఆర్.సి., ఇన్సూరెన్సు, పంచనామా నకలు, ఎఫ్.ఐ.ఆర్. ఉంటే దాని నకలు సిద్ధం చేసుకోవాలి. బండి అమ్మరాదని, రూపం మార్చరాదని, పిలిచినప్పుడు తెచ్చి చూపాలని కోర్టు షరతులు పెట్టవచ్చు. వకీలును పెట్టుకునే స్తోమత లేనివారు న్యాయ సేవాధికార సంస్థను ఆశ్రయించవచ్చు. స్త్రీలకు, షెడ్యూల్డు కులాల, తెగల వారికి ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయసహాయం అందుతుంది.

డబ్బు కడితే తీరిపోతుందా?

23ఎ సెక్షను కింద అధికారులు నిర్ణయించిన మొత్తం కట్టి రాజీ పడవచ్చు. కట్టిన ప్రతి రూపాయికీ రసీదు తీసుకోవాలి. రాజీతో గనుల చట్టం కింది కేసు ముగుస్తుంది. అయినా ఇసుక దొంగతనం కేసు విడిగా నడవవచ్చునని సుప్రీంకోర్టు 2014లోనూ, మళ్ళీ 2020లోనూ స్పష్టం చేసింది. కనుక బండి ఇంటికి వచ్చినంత మాత్రాన కేసు కొట్టివేసినట్లు కాదు. వాయిదాకు హాజరు కావలసిందే.

బండిని బాడుగకిచ్చే ముందు ఇసుక ఏ రేవు నుంచి, ఎవరి ఇంటికి, ఏ కాగితం మీద వెళుతున్నదో యజమాని అడిగి తెలుసుకోవాలి. ఆ ఒక్క మాట అడగక ఒక్క ట్రిప్పు బాడుగకు ఆశపడితే, బతుకుతెరువైన బండే కోర్టు మెట్లెక్కుతుంది.