నోటుపుస్తకాలలో దాగిన పాట

కొచ్చిన్ రేవుకు చేరువలో, మట్టాంచేరిలోని యూదు వీధి చివర, 1568లో నిర్మితమైన పరదేశి ప్రార్థనామందిరం నేటికీ యాత్రికులను ఆకర్షిస్తున్నది. అయితే కేరళ యూదుల అమూల్యనిధి ఆ గోడల నడుమ లేదు. అది వారి స్త్రీల నోటుపుస్తకాలలో ఉన్నది.

పురుషుల ప్రార్థన హీబ్రూలో సాగేది. స్త్రీలు ఆ గీతాలను నేర్వడమే గాక, మలయాళంలో మరొక గీతసంపదను తరతరాలుగా కాపాడుకున్నారు. పెండ్లిపాటలు, బైబిలు కథలు, ప్రార్థనామందిరాల నిర్మాణగాథలు అందులో ఉన్నాయి. అనేక యూదు సమాజాలలో పురుషుల ఎదుట స్త్రీలు పాడడం నిషిద్ధం. కొచ్చిన్‌లో అటువంటి ఆంక్ష లేదు. పాటలోని మాటలను నోటుపుస్తకంలో వ్రాసుకోవచ్చు. బాణీని మాత్రం పెద్దల నోట విని నేర్వవలసిందే.

1948లో ఇజ్రాయెల్ ఏర్పడింది. తరువాతి దశకంలో కొచ్చిన్ యూదులలో అత్యధికులు అక్కడికి తరలిపోయారు. నెగెవ్ ఎడారిలోని నెవాతిమ్ వారు స్థిరపడిన గ్రామాలలో ఒకటి. కొబ్బరిచెట్ల నీడన పెరిగినవారు ఇసుకనేలను సాగుకు తెచ్చారు. పిల్లలు హీబ్రూలో చదువుకున్నారు. మలయాళం క్రమంగా పెద్దల భాషగా మిగిలిపోయింది. అర్థం తెలియని పాటను మనుమరాలు ఎంతకాలం పాడగలదు?

1970 దశకం నుండి పరిశోధకులు ఈ ప్రశ్నకు సమాధానం వెదకసాగారు. వృద్ధస్త్రీల పాటలను టేపులలో నిక్షిప్తం చేశారు. వ్రాతప్రతులను సేకరించి సరిపోల్చారు. 2004లో జెరూసలేంలోని హీబ్రూ విశ్వవిద్యాలయపు యూదు సంగీత పరిశోధన కేంద్రం ఈ గీతాలతో ఒక సంగీత సంకలనాన్ని వెలువరించింది. దాని పేరులో కేరళ చిలుక కూడా చేరింది! మరుసటి సంవత్సరం మలయాళ పండితుడు స్కరియా జకరియా, పరిశోధకురాలు ఒఫీరా గామ్లియేల్ మలయాళ మూలాన్ని, హీబ్రూ అనువాదాన్ని ఒకే గ్రంథంగా ప్రకటించారు. దాని పేరు 'కార్‌కుళలి', అనగా నల్లని కురుల సుందరి. అమ్మమ్మలు పాడిన మాటలు మనుమరాండ్రకు అర్థమయ్యే దారి ఏర్పడింది.

ఇజ్రాయెల్‌లో కొచ్చిన్ స్త్రీలు కొందరు బృందంగా కూడి, నోటుపుస్తకాలు ముందుంచుకొని, మరచిన బాణీలను ఒకరికొకరు గుర్తుచేసుకుంటూ సాధన చేశారు. పెండ్లిళ్లకు పరిమితమైన పాట సభావేదికల నెక్కింది.

మట్టాంచేరిలోని కడవుంభాగం ప్రార్థనామందిరపు కొయ్య చెక్కడాలను 1990 దశకంలో జెరూసలేం మ్యూజియంలో తిరిగి నెలకొల్పారు. కొచ్చిన్‌లో మిగిలిన కట్టడం 2019లో వర్షాలకు కొంత కూలిపోయింది. కొయ్యను ఓడలో తరలించవచ్చు, అద్దాల వెనుక భద్రపరచవచ్చు. పాట సంగతి వేరు. దానిని మరొక గొంతుకు అందించినప్పుడే అది బ్రదికి ఉంటుంది.