ఆట మధ్యలో తెర మసక.. ఫోను ఖరాబైనట్టేనా?

సాంచాల వాడలో ఓ కుర్రాడి అనుభవం
కొత్త డిస్‌ప్లే వేయించకముందే ఒక్క పరీక్ష

సోలాపూర్, అశోక్ చౌక్:

ఆటలో ఇంకా నలుగురే మిగిలారు. వలయం చిన్నదైపోతోంది. చెట్టు చాటున నక్కినవాడు కనిపించీ కనిపించనట్టున్నాడు. సరిగ్గా అప్పుడే తెర మసకేసింది. వేలితో పైనుంచి కిందికి లాగి వెలుగు పెంచుకునేలోపే తూటా తగిలింది. ‘పాయె!’ అంటూ ఫోను కండెల గంప మీద పడేశాడు కుర్రాడు.

వయసు పందొమ్మిది. పొద్దున కాలేజీ. మధ్యాహ్నం నుంచి నాయనకు తోడుగా కారఖానాలో కండెలు అందించడం. సాంచాల మోతలో ఒకరి మాట ఒకరికి వినబడదు కాబట్టి, చేతికి పని లేని పది నిమిషాలు దొరికితే ఫోనే లోకం. రోజుకు నాలుగైదు సార్లు ఇలా తెర తనంతట తానే మసకేస్తోందని, మళ్లీ కాసేపటికి తనంతట తానే వెలుగొస్తోందని అతని గోడు. మరమ్మతు దుకాణంలో చూపిస్తే ‘డిస్‌ప్లే పోయింది, 3,200 అవుతుంది’ అన్నారట.

మూడు వేల రెండొందలంటే ఈ ఇంట్లో చిన్న మాట కాదు. ఫోను కొన్నదే వాయిదాల మీద. ఇంకా నాలుగు కట్టాలి. తల్లి బీడీలు చుడుతుంది. వెయ్యి బీడీలకు ఇంత అని కూలి. ఆ లెక్కన డిస్‌ప్లేకి ఎన్ని వేలు చుట్టాలో ఆమె వేళ్ల మీద లెక్కేసి, ‘ఆటే బంద్ జేయరాదురా’ అంది. నాయన మాత్రం అడ్డం పడ్డాడు. ‘ఆట కోసం కాదు. ఆర్డర్ల ఫొటోలు గూడ దాంట్లనే వస్తయి’ అన్నాడు.

ఇక్కడి సంగతి తెలియని వారికి ఒక మాట. పాలమూరు, నల్గొండ, కరీంనగర్ వైపు నుంచి తరాల కింద వచ్చిన పద్మశాలీలు నగరం తూర్పు భాగంలో స్థిరపడ్డారు. సోలాపూర్ చద్దరు, టర్కీ టవలు వీరి చేతి మీదుగానే దేశమంతా వెళ్లాయి. మగాళ్లు సాంచాల మీద, ఆడవాళ్లు బీడీల చాట ముందు. ఇంట్లో తెలుగు, గడప దాటితే మరాఠీ. కరెంటు పోతే మాత్రం పిల్లలంతా ‘లైట్ గేలీ!’ అనే అరుస్తారు. జహీరాబాద్ దాటి హుమ్నాబాద్, నల్దుర్గ్ మీదుగా ఈ విలేకరి అక్కడికి వెళ్లింది టవళ్ల ధరల మీద రాయడానికి. ఫోను కథ దారిలో తగిలింది.

వాట్సాప్‌లో ఎందుకు మసకేయదు?

కుర్రాణ్ని అడిగిన మొదటి ప్రశ్న ఇదే. డిస్‌ప్లే నిజంగా పోతే వాట్సాప్ చూసినా, పాటలు విన్నా మసకేయాలి కదా? ‘లేదు సార్, గేమ్ ఆడేటప్పుడే’ అన్నాడు. మరి గేమ్ ఆడేటప్పుడు ఫోను ఎలా పట్టుకుంటావని అడిగితే, అడ్డంగా తిప్పి రెండు చేతుల్లో పట్టి చూపించాడు. దోషి అక్కడే దొరికింది. అతని ఎడమ బొటనవేలి మొదలు ఫోను పైభాగాన్ని కప్పేసి ఉంది.

చాలా ఫోన్లలో ముందువైపు, మాటలు వినబడే రంధ్రం దగ్గర, వెలుతురును కొలిచే చిన్న సెన్సర్ ఉంటుంది. కొన్నింట్లో అద్దం కిందే దాగి ఉంటుంది, కంటికి కనిపించదు. చుట్టూ ఎంత వెలుగుందో అది లక్స్ లెక్కన కొలుస్తుంది. నడినెత్తిన ఎండ లక్ష లక్స్ దాకా ఉంటే, రాత్రి పూట ఇంట్లో బల్బు వెలుగు వంద దాటడమే గగనం. ఈ లెక్కను బట్టి తెర వెలుగును ఫోనే పెంచుతుంది, తగ్గిస్తుంది. ఎండలో అక్షరాలు కనబడాలి, చీకట్లో కళ్లు చెదరకూడదు, బ్యాటరీ మిగలాలి. ఉద్దేశం మంచిదే. అయితే సెన్సర్‌కు చీకటి పడిందా, వేలు అడ్డం వచ్చిందా అనే తేడా తెలియదు. వేలు పడితే ‘పొద్దుగూకింది’ అనుకుని, కొన్ని సెకన్లు ఆగి తెర దించేస్తుంది. ఆ కొన్ని సెకన్ల ఆలస్యమే జనాన్ని తికమక పెట్టేది. వేలు పెట్టిన వెంటనే మసకేస్తే ఎవరైనా పట్టేసేవారు. కాసేపాగి మసకేయడంతో నింద ఫోను మీద పడుతోంది.

దీనికి తోడు కారఖానా వెలుతురు ఒకటి. రేకుల కప్పు సందులోంచి పడే ఎండ ముక్క, సాంచా మీద ట్యూబ్‌లైటు, రెండింటి మధ్య చీకటి. కుర్రాడు గంప మీంచి లేచి గుమ్మం దగ్గరికి వెళ్తే ఒక వెలుగు, తిరిగొస్తే ఇంకో వెలుగు. ఒక్క ఆటలో సెన్సర్ నాలుగుసార్లు మనసు మార్చుకుంటుంది.

ఈ ముచ్చట్లో నాయన చటుక్కున ఒక పోలిక తీశాడు. సాంచాలో పేక దారం తెగితే మగ్గం తనంతట తానే ఆగుతుంది. దారం ఉందా లేదా అని తడిమి చూసే చిన్న వెఫ్ట్ ఫోర్కు ఒకటి ఉంటుంది. ‘ఫోర్కు సరిగ్గ బిగియ్యకపోతే దారం ఉన్నా సాంచా ఆగుతది. సాంచా ఖరాబైందంటమా? ఫోర్కు సరిజేస్తం’ అన్నాడు. ఇంతకంటే బాగా చెప్పడం ఏ ఇంజినీరుకైనా కష్టమే.

ఎలా ఆపాలి?

ఆండ్రాయిడ్ ఫోన్లలో సెట్టింగ్స్‌లోకి వెళ్లి డిస్‌ప్లే తెరిస్తే ‘అడాప్టివ్ బ్రైట్‌నెస్’ అనో ‘ఆటో బ్రైట్‌నెస్’ అనో ఒక స్విచ్ కనిపిస్తుంది. దాన్ని ఆపి, కావాల్సిన వెలుగును చేత్తో పెట్టుకోవాలి. అంతే. కంపెనీని బట్టి పేరు, చోటు కొద్దిగా మారతాయి. 2018లో వచ్చిన ఆండ్రాయిడ్ 9 నుంచి ఈ సౌకర్యం మన అలవాటును కూడా గమనిస్తోంది. మీరు ఏ వెలుతురులో ఎంత పెంచారు, ఎంత తగ్గించారు అన్నది గుర్తుపెట్టుకుంటుంది. అందుకే ఒకే రకం ఫోను అన్న చేతిలో ఒకలా, తమ్ముడి చేతిలో ఇంకోలా వెలుగుతుంది.

ఇంట్లో ఒకే ఫోను నలుగురు వాడితే పూర్తిగా ఆపడం ఇబ్బంది. ఈ కుర్రాడి చెల్లెలు పదో తరగతి. పాఠాల వీడియోలు మిద్దె మీద కూర్చుని చూస్తుంది. ఆటో ఆపేస్తే ఆమెకు ఎండలో ఏమీ కనబడదు. ఇలాంటి వారికి గేమ్ మోడ్ మేలు. శాంసంగ్‌లో గేమ్ బూస్టర్, షావోమీ, రెడ్‌మీ ఫోన్లలో గేమ్ టర్బో ఉన్నాయి. ఆట నడిచినంత సేపే ఆటో బ్రైట్‌నెస్‌ను ఆపే వీలు వీటిలో చాలా మోడళ్లకు ఉంది. ఆట మూసేస్తే మళ్లీ మామూలే. ఐఫోన్‌లో మాత్రం ఇది డిస్‌ప్లే కింద దొరకదు. సెట్టింగ్స్‌లో యాక్సెసిబిలిటీ, అందులో ‘డిస్‌ప్లే అండ్ టెక్స్ట్ సైజ్’ తెరిచి అట్టడుగుకు వెళ్తే ఆటో బ్రైట్‌నెస్ ఉంటుంది. అంత లోపల ఎందుకు దాచారో మరి!

మన కుర్రాడిది రెడ్‌మీ. గేమ్ టర్బోలో ఆ స్విచ్ వెతకడానికి రెండు నిమిషాలు పట్టింది. తర్వాత కావాలనే బొటనవేలు సెన్సర్ మీద పెట్టి ఒక ఆట మొత్తం ఆడాడు. తెర కదల్లేదు. ఆట మాత్రం ఓడిపోయాడు. దానికి మందు మన దగ్గర లేదు.

స్విచ్ ఆపినా మసకేస్తే..

అన్ని మసకలకూ సెన్సరే కారణం కాదు. బ్యాటరీ బాగా తగ్గినప్పుడు పొదుపు మోడ్ మొదలైతే తెర వెలుగు కూడా తగ్గొచ్చు. బ్యాటరీ సేవర్ తీసేస్తే సరి. కొన్ని యాప్‌లు తమ వరకు వెలుగును తామే మార్చుకుంటాయి. డబ్బు చెల్లింపుల యాప్‌లో క్యూఆర్ కోడ్ తెరవగానే తెర ధగధగమనడం చాలామంది చూసే ఉంటారు. అది పాడవడం కాదు.

ఇక అసలు సమస్య ఎండాకాలానిది. ఏప్రిల్, మే నెలల్లో సోలాపూర్ ఎండ 43, 44 డిగ్రీలకు చేరుతుంది. రేకుల కింద, నడుస్తున్న మోటార్ల పక్కన పరిస్థితి చెప్పక్కర్లేదు. ఐఫోన్‌ను 35 డిగ్రీల లోపు వాతావరణంలో వాడమని ఆ కంపెనీయే చెబుతోంది. అంటే మే నెలలో ఇక్కడ నీడలో కూర్చున్నా ఆ గీత దాటినట్టే. మిగతా ఫోన్లకూ వేడి వేడే. బరువైన ఆట ఆడుతుంటే లోపలి ప్రాసెసర్ కాగుతుంది. పైగా ఛార్జింగ్ పెట్టి ఆడితే బ్యాటరీ కాగుతుంది. వేడి హద్దు దాటగానే ఫోను తనను తాను కాపాడుకోవడానికి తెర వెలుగు దించుతుంది, ఆట వేగం తగ్గిస్తుంది. ఇది ఏ స్విచ్‌తోనూ ఆగదు. ఆగకూడదు కూడా. బ్యాటరీకి వేడి మంచిది కాదు.

తేడా పట్టడం తేలికే. ఫోను వీపు చేత్తో తాకి చూడాలి. చల్లగా ఉండి మసకేస్తే సెన్సరో పొదుపు మోడో అయి ఉంటుంది. పట్టుకోలేనంత వేడిగా ఉండి మసకేస్తే సెట్టింగ్‌ల జోలికి పోకుండా ఆట ఆపాలి. మందపాటి కవరు తీసేయాలి, ఛార్జర్ పీకేయాలి, కాసేపు ఫ్యాను గాలికి వదిలేయాలి. మళ్లీ ఆడేటప్పుడు గ్రాఫిక్స్, ఫ్రేమ్ రేటు ఒక మెట్టు దించుకోవాలి. తెర వెలుగు తగ్గించుకున్నా కొంత వేడి తగ్గుతుంది. ఫోనును ఫ్రిజ్‌లో పెట్టి చల్లార్చే మొనగాళ్లు ఈ వాడలో ఇద్దరు కనిపించారు. ఆ పని చేయొద్దు. వేడి వస్తువు మీద చల్లదనం పడితే లోపల చెమ్మ పడుతుంది. అప్పుడు నిజంగానే దుకాణానికి వెళ్లాల్సి వస్తుంది.

ఇవేవీ కాకుండా, తెర వణుకుతున్నా, గీతలు పడుతున్నా, ఏ యాప్‌లోనైనా ఒక పక్క నల్లబడుతున్నా అది డిస్‌ప్లే లోపమే కావొచ్చు. అప్పుడు దుకాణం మాట వినాల్సిందే.

రంగు సంగతేంటి?

కొడుకు ఫోను తేలిపోయాక నాయన తన ఫోను తీశాడు. ఆయన బాధ ఆటది కాదు. షోలాపురం టవలుకు ఇప్పుడు బేరం వాట్సాప్‌లోనే మొదలవుతోంది. వ్యాపారి ఒక రంగు ఫొటో పంపుతాడు. పగలు చూస్తే ఒక ఛాయ, రాత్రి చూస్తే ఇంకో ఛాయ. పోయిన దసరాకు ముందు ఇలాగే ముదురు ఆకుపచ్చ అనుకుని అద్దిన నూలు, తీరా చూస్తే వాళ్లడిగిన రంగు కాదన్నారట.

ఆయన ఫోన్లో ఆటో బ్రైట్‌నెస్‌తో పాటు రీడింగ్ మోడ్ కూడా ఆన్‌లో ఉంది. సాయంత్రం కాగానే కళ్లకు హాయిగా ఉండటానికి తెరను పసుపు వైపు మళ్లిస్తుందది. పసుపు కలిస్తే నీలం ఆకుపచ్చలా, ఆకుపచ్చ ఇంకోలా కనిపించడంలో వింతేముంది? ఐఫోన్‌లో ట్రూ టోన్, నైట్ షిఫ్ట్ అనేవీ ఇలా రంగు మార్చేవే. రంగు చూసేటప్పుడు వీటిని ఆపాలి, వెలుగు ఒకేచోట నిలపాలి. అయినా రెండు కంపెనీల ఫోన్లలో ఒకే ఫొటో ఒకేలా కనిపిస్తుందన్న భరోసా లేదు. ఈ మాట చెబితే ఆయన నవ్వాడు. ‘అద్దకంల గూడ అంతే సార్. నూలు రంగు ట్యూబ్‌లైటు కింద చూడం. గుమ్మంల పట్టుకపొయ్యి ఎండల చూస్తం’ అన్నాడు. ఇకమీదట ఫొటో నమ్మకుండా జానెడు గుడ్డ ముక్క పంపమని వ్యాపారిని అడుగుతానన్నాడు. నాలుగు రోజులు ఆలస్యమైనా నూలు దండగ కాదు.

బయల్దేరబోతుంటే ఠక్కున మోత ఆగింది. ‘లైట్ గేలీ!’ పక్క షెడ్డు నుంచి కేకలు. చీకట్లో కుర్రాడి తెర ఒక్కటే భగ్గున వెలుగుతోంది. బీడీల చాట ఒళ్లో పెట్టుకుని గుమ్మంలో కూర్చున్న తల్లి మొహానికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

‘అరే, కండ్లు పోతయిరా! తగ్గియ్యి దాన్ని.’

‘ఆటో బంద్ జేసిన గదనే అవ్వా’ అంటూ వాడు వేలితో వెలుగు దించుకున్నాడు.