ఇక్తియోఫౌనా అంటే ఏమిటి?

చెరువులు, నదులపై వచ్చే నివేదికల్లో 'ఇక్తియోఫౌనా' అనే మాట కనబడుతుంది. గ్రీకులో 'ఇక్తిస్' అంటే చేప. 'ఫౌనా' అంటే ఒక ప్రాంతపు జంతుజాలం. ఒక ప్రాంతపు నీళ్లలోని చేపజాతులన్నీ కలిపి దాని ఇక్తియోఫౌనా. ఒక్క చేపకుగాని, పట్టిన చేపల బరువుకుగాని ఈ మాట వాడరు. 'కొల్లేరు ఇక్తియోఫౌనా' అంటే కొరమేను, వాలుగ, జెల్ల, పరిగె అన్నీ అందులోవే.

మన ఆరోగ్యానికి దీనితో సంబంధమేమిటి? దోమ లార్వాలను తింటుందని అమెరికా ఖండపు గంబూసియా చేపను 1928లో మన దేశానికి తెచ్చారు. అది స్థానిక చేపల గుడ్లను, పిల్లలను కూడా తింటుంది. ముళ్లతో సహా తినే చిన్న చేపలు తగ్గితే పేదల కంచంలో మాంసకృత్తులు, కాల్షియం తగ్గుతాయి. కనుక గంబూసియాను వాగుల్లో, చెరువుల్లో వదలవద్దని మా మనవి. ఇంటి నీళ్లతొట్లను వారానికొకసారి ఖాళీచేసి, రుద్ది కడిగి, ఆరబెట్టండి.