నేను నీళ్లు పోసి చంపిన మొక్క



ఈ నెల గోడపత్రికకు ఏదైనా రాయమని సారు అడిగితే మొదట పొడుపు కథలు రాద్దామనుకున్నాను. కానీ పోయిన వానాకాలం మన వరండాలో చచ్చిపోయిన గుండ్రని ముళ్ల మొక్క గురించి నేను చెప్పాల్సింది ఒకటి ఉంది. దాన్ని చంపింది ఎవరో కాదు, నేనే. కోపంతో కాదు, ప్రేమతోనే చంపాను.

మీలో చాలామంది దాన్ని చూసే ఉంటారు. సైన్స్ సారు ఖమ్మం నర్సరీ నుంచి తెచ్చారు. బత్తాయి కాయంత ఉండేది. ఒళ్లంతా పసుపుపచ్చని ముళ్లు. పేరు బ్యారెల్ కాక్టస్. బ్యారెల్ అంటే పీపా. పెద్దదైతే పీపాలాగా లావుగా ఉంటుందని ఆ పేరు. తోట డ్యూటీ నాది. "ఎండాకాలం ఖానాపురం హవేలిలో మనకే నాలుక పిడచకట్టుకుపోతుంది, పాపం దీనికి ఎంత దాహమో" అనుకుని పొద్దున ఒక చెంబు, సాయంత్రం ఒక చెంబు పోశాను. జూన్‌లో వానలు మొదలైనాక చూరు నీళ్లు కూడా కుండీలోనే పడ్డాయి. జులైలో ఒకరోజు ముట్టుకుంటే అడుగు భాగం మెత్తగా ఉంది. కుళ్లిన టమాటలోకి దిగినట్టు వేలు లోపలికి దిగింది.

అది మొదటి తప్పు. రెండోది ఇంకా పెద్దది. "ఎడారిలో దాహమేస్తే దీన్ని కోసుకుని నీళ్లు తాగుతారంట. మన జెముడు కూడా ఇదే జాతి" అని చిన్న తరగతుల తమ్ముళ్లకు గొప్పగా చెప్పాను. దసరా సెలవులకు ఇంటికి పోయిన ఆరో తరగతి తమ్ముడు ఒకడు మేకల వెంట పోయి, దాహమేసి, బొంతజెముడు కొమ్మ విరిచాడు. పాలు చిమ్మి కంట్లో పడ్డాయి. మూడు రోజులు కన్ను తెరవలేకపోయాడు. డాక్టరు చూసి మందు వేసినాక తగ్గింది, చూపు దక్కింది. తిరిగొచ్చి "అన్నా, నువ్వే చెప్పినవు గదా, నీళ్లుంటయ్ అని" అన్నాడు. నాకు మాట రాలేదు. అందుకే ఈసారి సారును అడిగి, పుస్తకాలు చూసి, తెలుసుకుని రాస్తున్నాను.

ముళ్లున్నవన్నీ ఒక్కటి కావు

బొంతజెముడు, ఆకుజెముడు, కాడజెముడు మన దేశంలో గట్ల మీద, గుట్టల మీద కనిపించే మొక్కలు. వీటిని గిల్లితే తెల్లని పాలు కారుతాయి. ఆ పాలు ఒంటికి తగిలితే మంట, పొక్కులు. కంట్లో పడితే చూపే పోవచ్చు. పడితే వెంటనే మంచి నీళ్లతో చాలాసేపు కడగాలి, ఆలస్యం చేయకుండా డాక్టరు దగ్గరకు పోవాలి. రుద్దకూడదు. ఇవి కాక్టస్‌లు కావు.

కాక్టస్‌ను గుర్తుపట్టడానికి రెండు గుర్తులు ఉన్నాయి. ఒకటి, ముళ్లు గుంపుగా ఒక చిన్న దూది మెత్త లాంటి చోటు నుంచి పుడతాయి. బొంతజెముడుకైతే అంచుల మీద జంట ముళ్లు ఉంటాయి, ఆ మెత్త ఉండదు. రెండు, నర్సరీల్లో దొరికే కాక్టస్‌లను కోస్తే ఎక్కువ వాటిలో పాలు రావు, నీరులాంటి జిగురు వస్తుంది. కానీ పాలు రాని మొక్క అయినంత మాత్రాన నోట్లో పెట్టుకోవచ్చని కాదు.

మరి మన నాగజెముడు? దాని ఎర్రటి పండు తిని నోరంతా ఎర్రగా చేసుకోని వాళ్లు మనలో తక్కువ. అది నిజమైన కాక్టసే. అయితే మన దేశపుది కాదు, అమెరికా ఖండాల నుంచి వచ్చింది. వాటి మీద బతికే ఒక పురుగు నుంచి ఎర్ర రంగు తీస్తారు. ఆ రంగు వ్యాపారం కోసం 1795లో ఆ పురుగులను బ్రెజిల్ నుంచి కలకత్తాకు తెచ్చారు. పురుగులకు మేతగా రకరకాల నాగజెముళ్లను పెంచారు. రంగు వ్యాపారం సాగలేదు గానీ మొక్కలు మాత్రం పొలాలు, బీళ్లు ఆక్రమించుకున్నాయి. చివరకు 1926లో శ్రీలంక నుంచి అదే జాతికి చెందిన ఇంకో పురుగును తెచ్చి వదిలితే గానీ దక్షిణాదిన అవి అదుపులోకి రాలేదు.

పీపా కాక్టస్ పుట్టిల్లు

మన వరండాలో ఉన్నది బంగారు రంగు ముళ్ల రకం. దాని సొంత ఊరు మెక్సికో దేశంలోని కెరెతారో, ఇదాల్గో రాష్ట్రాల లోయలు. మన ఖమ్మం వైపు ఏడాదికి సుమారు 1000 మిల్లీమీటర్ల వాన పడుతుంది. అక్కడ అందులో సగం కూడా పడదు. పడే ఆ కొద్ది వాన కూడా రాళ్ల సందుల్లో నుంచి వెంటనే దిగిపోతుంది.

అందుకే దీని ఒళ్లంతా నీళ్లు దాచుకునే ఏర్పాటే. ఆకులుంటే నీరు ఆవిరైపోతుంది కదా, ఆకులకు బదులు ముళ్లు. ఆ ముళ్లు జంతువుల నుంచి కాపాడడమే కాదు, ఒంటికి కొంత నీడ కూడా ఇస్తాయి. పక్కన ఉన్న మడతలు హార్మోనియం తిత్తిలాగా పనిచేస్తాయి. నీళ్లు తాగినప్పుడు మడతలు విచ్చుకుంటాయి, కరువులో ముడుచుకుంటాయి. గుండ్రంగా ఉంటే ఒళ్లు ఎక్కువ, ఎండ తగిలే చర్మం తక్కువ. వేళ్లు లోతుకు పోవు. చిన్న వాన పడినా పీల్చుకోవడానికి పైపైనే చుట్టూ పాకుతాయి.

ఇంకో విచిత్రం ఉంది. మామూలు చెట్లు గాలి పీల్చుకునే రంధ్రాలను పగలు తెరుస్తాయి. కాక్టస్ రాత్రి చల్లబడినాక తెరుస్తుంది. అప్పుడు పీల్చిన బొగ్గుపులుసు వాయువును పుల్లని ఆమ్లంగా దాచుకుని, పగలు రంధ్రాలు మూసుకుని దానితో ఆహారం తయారు చేసుకుంటుంది. ఈ పద్ధతి మన రణపాలలో కూడా ఉంది. మన తూర్పుగోదావరి వైపు సామర్లకోట తోటలో పనిచేసిన బెంజమిన్ హేన్ అనే శాస్త్రజ్ఞుడు, రణపాల ఆకు పొద్దున పుల్లగా ఉండి మధ్యాహ్నానికి రుచి పోతుందని రాశాడు. ఆయన ఉత్తరం 1815లో లండన్‌లో అచ్చయింది. మేము కూడా సారు దగ్గరుండగా ఆకు ముక్కను నాలుక చివర ఆనించి చూసి ఉమ్మేశాం. పొద్దున నిజంగానే పులుపు!

ఇక ఎడారిలో నీళ్ల కథ. పీపా కాక్టస్ లోపల నీళ్ల కుండ ఏమీ ఉండదు, తడి గుజ్జు ఉంటుంది. మెక్సికోలోని సేరి అనే ఆదివాసీలు ప్రాణం మీదికి వచ్చినప్పుడు ఒక్క రకం గుజ్జు పిండుకుని తాగేవాళ్లు. ఏది తాగొచ్చో, ఏది తాగితే రోగం వస్తుందో వాళ్లకు తరతరాలుగా తెలుసు. తెలియనివాళ్లు తాగితే వాంతులు, విరేచనాలు పట్టుకుని ఉన్న నీరు కూడా ఒంట్లో నుంచి పోతుంది. మన పెద్దవాళ్లకు ఏ గడ్డ ఎట్లా ఉడికించి తినాలో తెలిసినట్టే అది కూడా. సగం విని చెప్పిన నా మాట వల్లనే తమ్ముడికి ఆ బాధ వచ్చింది.

ఈ మొక్కకు ఇప్పుడు సొంత ఊళ్లో కష్టం వచ్చింది. 1990ల్లో అక్కడ సిమాపాన్ అనే డ్యామ్ కట్టినప్పుడు ఇవి పెరిగే లోయ చాలా భాగం మునిగిపోయింది. అమ్ముకోవడానికి తవ్వుకుపోయినవాళ్లు కూడా ఉన్నారు. అడవిలో ఇది ఇప్పుడు అంతరించిపోయే ప్రమాదంలో ఉన్న మొక్క. ప్రపంచమంతా నర్సరీల్లో మాత్రం విత్తనాలతో లక్షలుగా పెంచుతున్నారు. డ్యామ్ కింద ఊళ్లూ అడవీ మునగడం అంటే ఏమిటో గోదావరి ఒడ్డు నుంచి వచ్చిన మనకు వేరే చెప్పనక్కరలేదు.

పెంచేది ఎట్లా?

కుండీ: అడుగున రంధ్రం తప్పకుండా ఉండాలి. పాత మట్టి కుండ అయితే మంచిది. రంధ్రం మీద పెంకు ముక్క పెట్టాలి.

మట్టి: ఎర్రమట్టి ఒక వంతు, ఏటి దొడ్డు ఇసుక ఒక వంతు, చిన్న కంకర లేదా ఇటుక ముక్కలు ఒక వంతు. బాగా మాగిన ఎరువు ఒక గుప్పెడు. నల్లరేగడి వద్దు, నీరు పట్టి ఉంచుతుంది.

నీళ్లు: పుల్లను మట్టిలో లోతుగా గుచ్చి చూడండి. తడి మట్టి అంటుకుంటే పోయవద్దు. పూర్తిగా ఎండినాకనే కింద నుంచి కారేదాకా ఒకసారి పోయాలి. ఎండాకాలం మన దగ్గర పది రోజులకు ఒకసారి చాలు. చలికాలం నెలకు ఒకసారి. వానాకాలం చూరు నీళ్లు పడనిచోట పెట్టాలి.

ఎండ: పెద్ద మొక్కకు ఎండ కావాలి. చిన్నది మాత్రం అడవిలో ఏదో ఒక పొద నీడన పెరుగుతుంది. అందుకని చిన్నదాన్ని ఒక్కసారే మే నెల మధ్యాహ్నపు ఎండలో పెడితే ఒంటి మీద తెల్లని మచ్చలు పడతాయి. పొద్దుటి ఎండ తగిలేచోట పెట్టి మెల్లగా అలవాటు చేయాలి.

విత్తనం: గింజలు నల్లగా, చాలా చిన్నవిగా ఉంటాయి. తడి ఇసుక మీద చల్లి పాలిథిన్ కవరు కప్పితే ఒకటి నుంచి మూడు వారాల్లో మొలుస్తాయి. తర్వాత ఓపిక ఉండాలి. ఫుట్‌బాల్ అంత కావడానికి పదేళ్లు పైగా పడుతుంది. పసుపు పూలు నెత్తి మీద కిరీటంలాగా వస్తాయి గానీ అందుకు ఇంకా ఎక్కువ ఏళ్లు పడుతుంది.

తెగులు: తెల్లని దూదిలాంటి పిండినల్లి పడితే కుంకుడు రసంలో పాత బ్రష్షు ముంచి తుడవాలి. మొక్కను కుండీ మార్చేటప్పుడు గోనెసంచిని మడిచి చుట్టి పట్టుకోవాలి.

ఇప్పుడు వరండాలో ఉన్నది రెండో మొక్క. దాని డ్యూటీ నేను అడిగి మరీ ఆ ఆరో తరగతి తమ్ముడికి ఇప్పించాను. వాడు కుండీకి ఒక అట్టముక్క కట్టి, నీళ్లు పోసిన తేదీ రాసి పెడుతున్నాడు. దయచేసి ఎవరూ ప్లేట్లు కడిగిన నీళ్లు అందులో పోయవద్దు. ఎండిపోయినట్టు కనిపిస్తే పోయకండి, ముందు వాణ్ని అడగండి.

ఇట్లు
మీ మిత్రుడు, 9వ తరగతి